శిల, శాసనం, పలుకు: ముంపు గ్రామాల పరిరక్షణపై ఒక విమర్శ

వ్యాససంగ్రహం:
జలాశయం కింద మునిగే ఊరిని కాపాడటమంటే ఏమిటి? ఈ ప్రశ్నకు పురావస్తుశాఖ శిలలను తరలించి జవాబు చెప్పింది. భూసేకరణ చట్టం ఎకరాలకు వెలకట్టి చెప్పింది. కైఫీయతులు వృత్తాంతం రాసి చెప్పాయి. మాండలిక కథాసాహిత్యం పలుకును పట్టుకుని చెప్పింది. నాగార్జునసాగర్, శ్రీశైలం ముంపుల అనుభవాన్ని దక్షిణ రాయలసీమ నేపథ్యంలో పరిశీలించి, ఈ నాలుగు జవాబుల బలాబలాలను అంచనా వేయడం ఈ వ్యాసం ఉద్దేశం. ఊరి పలుకును, స్థలనామాలను, నీటి జ్ఞానాన్ని ముంపుకు ముందే నమోదు చేసే బాధ్యత తెలుగుశాఖలదేనని ఈ వ్యాసం ప్రతిపాదిస్తుంది.

కీలకపదాలు: ముంపు గ్రామం, పరిరక్షణ, కైఫీయతు, మాండలికం, స్థలనామం, శ్రీశైలం, అలంపురం, రాయలసీమ.

1. ప్రవేశిక:

తిరుపతి నగరవాసులు తాగే నీటిలో కొంత తెలుగుగంగ నీరు. శ్రీశైలం జలాశయంలో బయలుదేరిన కృష్ణాజలం పోతిరెడ్డిపాడు తూముల గుండా వెలుగోడు, బ్రహ్మంసాగర్, సోమశిల దాటి కండలేరు చేరుతుంది. మద్రాసు నగర దాహం తీర్చడానికి మహారాష్ట్ర, కర్ణాటక, ఆంధ్రప్రదేశ్ తలా 5 టి.ఎం.సి.లు ఇవ్వడానికి 1976లో అంగీకరించాయి. ఆ నీరు 1996లో తమిళనాడు సరిహద్దు దాటింది. ఆ దారిలోనే తిరుపతికీ వాటా దక్కింది.

ఈ నీటికి ఒక గతం ఉంది. శ్రీశైలం జలాశయం కింద కర్నూలు, మహబూబ్‌నగర్ జిల్లాలకు చెందిన వందకు పైగా గ్రామాలు మునిగాయి. లక్షకు పైగా జనం కదలవలసి వచ్చింది. సోమశిల కింద కడప జిల్లా పల్లెలు మునిగాయి. కరువుసీమగా పేరుపడిన ప్రాంతంలో నీటిని వద్దనగల వాడు ఎవడూ ఉండడు. ఈ వ్యాసకర్తా వద్దనడం లేదు. అయితే మన కుళాయిలోకి వచ్చే నీరు ఏయే ఊళ్ళ మీదుగా వచ్చిందో తెలుసుకోవడం ఆ నీటిని తాగేవారి కనీస ధర్మం.

ఇది గడిచిన కథ మాత్రమే కాదు. హంద్రీ-నీవా, గాలేరు-నగరి పథకాల కింద దక్షిణ రాయలసీమలోనూ జలాశయాల ప్రతిపాదనలు వచ్చాయి. చిత్తూరు జిల్లా సోమల మండలంలోని ఆవులపల్లి జలాశయానికి ఇచ్చిన పర్యావరణ అనుమతిని జాతీయ హరిత ట్రిబ్యునల్ 2023 మే నెలలో రద్దు చేసింది. వ్యవహారం సుప్రీంకోర్టుకు చేరింది. రైతులు వేసిన ఆ కేసులో వాదం ప్రధానంగా విస్తీర్ణం, నిల్వ సామర్థ్యం, అనుమతుల చుట్టూ తిరిగింది. న్యాయస్థానం తన ముందున్న ప్రశ్నకే తీర్పు చెప్పగలదు. ఊరంటే ఏమిటన్న ప్రశ్న వేయవలసింది సాహిత్య, సాంస్కృతిక అధ్యయనాలవారు.

2. శిలల తరలింపు: నాగార్జునకొండ నుంచి అలంపురం దాకా

తెలుగునాట ముంపు నుంచి చారిత్రక సంపదను కాపాడే ప్రయత్నం పెద్ద ఎత్తున మొదట జరిగింది నాగార్జునకొండ లోయలో. ఇక్ష్వాకుల రాజధాని విజయపురి ఆనవాళ్ళు అక్కడ 1926లో వెలుగుచూశాయి. నాగార్జునసాగర్ నిర్మాణం ఖాయమైన తరువాత ఆర్. సుబ్రహ్మణ్యం ఆధ్వర్యంలో 1954 నుంచి 1960 వరకు లోయలో విస్తృతంగా తవ్వకాలు జరిగాయి. ప్రాజెక్టుకు 1955 డిసెంబరు 10న శంకుస్థాపన జరిగింది. ఒకవైపు ఆనకట్ట లేస్తుండగా మరోవైపు పురావస్తు శాస్త్రజ్ఞులు గడువుతో పోటీపడ్డారు. ముఖ్యమైన కట్టడాలను కొండమీదా, తూర్పు గట్టున అనుపులోనూ పునర్నిర్మించారు. లోయ జలాశయమైంది, కొండ ద్వీపమైంది, ద్వీపం మీద ప్రదర్శనశాల వెలిసింది.

ఆ పని గొప్పతనాన్ని తగ్గించి చూపడం న్యాయం కాదు. ఆ ఆరేళ్ళ శ్రమ లేకపోతే ఇక్ష్వాకుల చరిత్రలో చాలాభాగం మనకు దక్కేది కాదు. కానీ ఆ లోయలో ఇక్ష్వాకులతో పాటు ఇరవయ్యో శతాబ్దపు మనుషులూ ఉన్నారు. పుల్లారెడ్డిగూడెం వంటి పల్లెలు, లంబాడీలు, చెంచులు ఉన్నారు. మూడో శతాబ్దపు ఇటుకకు దక్కిన కొలత, ఛాయాచిత్రం, క్రమసంఖ్య అదే లోయలో నిన్నటిదాకా పొయ్యి వెలిగిన ఇంటికి దక్కలేదు. ప్రాచీనతే విలువకు కొలమానమైన చోట బతికున్న ఊరు ఎప్పుడూ ఓడిపోతుంది.

శ్రీశైలం ముంపులో ఇదే పద్ధతి మరింత విస్తరించింది. అలంపురంలోని నవబ్రహ్మాలయాలు బాదామి చాళుక్యుల కాలపు కట్టడాలు. శ్రీశైలం వెనుకజలాల నుంచి వాటిని కాపాడటానికి రక్షణగోడ కట్టారు. సమీపంలోని పాపనాశి ఆలయాలను ఎగువకు తరలించారు. తుంగభద్ర కృష్ణలో కలిసే కూడవెల్లిలోని సంగమేశ్వరాలయాన్ని విప్పి అలంపురంలో మళ్ళీ పేర్చారు. రూపాల సంగమేశ్వరాలయం కర్నూలు దగ్గరి జగన్నాథగట్టుకు చేరింది.

ఇక్కడ ఒక చిన్న విషయాన్ని విమర్శకుడు పట్టించుకోవాలి. సంగమేశ్వరుడు అంటే నదులు కలిసే చోట వెలసిన దేవుడు. ఆ పేరు స్థలానికి సంబంధించినది. ఆలయాన్ని ఏ రాయి ఎక్కడిదో గుర్తుపెట్టి తరలించవచ్చు. సంగమాన్ని తరలించలేం. ఈనాడు జగన్నాథగట్టు మీద నిలబడి చూసే విద్యార్థికి శిల్పం యథాతథంగా కనిపిస్తుంది. ఆ పేరు అక్కడ ఎందుకుందో మాత్రం ఆ గట్టు చెప్పదు. పేరుకూ నేలకూ మధ్య తెగిన ఈ సంబంధమే ముంపులో జరిగే అసలు నష్టం. అది ఏ పరిహార పట్టికలోనూ నమోదు కాదు.

ముచ్చుమర్రి దగ్గర సప్తనదీ సంగమంగా ప్రసిద్ధమైన సంగమేశ్వరంలో మరోరకం పరిరక్షణ కనిపిస్తుంది. అక్కడి ఆలయం ఏటా జలాశయంలో మునుగుతుంది. నీటిమట్టం తగ్గగానే బయటపడుతుంది. వేపదారు శివలింగానికి పూజలు మళ్ళీ మొదలవుతాయి. భక్తులు బురద దాటి వెళతారు. తరలించిన ఆలయం సందర్శకులను పొందింది. తరలించని ఆలయం తన జనాన్ని నిలుపుకుంది. ఈ రెండింటిలో ఏది ఎక్కువ భద్రంగా ఉందో చెప్పడం తేలిక కాదు.

రక్షణగోడ కూడా సంపూర్ణ రక్షణ కాదని 2009 అక్టోబరు వరద రుజువు చేసింది. అంచనాలకు మించిన ప్రవాహం శ్రీశైలానికి చేరినప్పుడు కర్నూలుతో పాటు అలంపురం కూడా నీట మునిగింది. మన ప్రాంతానికి ఇంకా దగ్గరి ఉదాహరణ 2021 నవంబరుది. ఆ నెల 19న చెయ్యేరు మీది అన్నమయ్య ప్రాజెక్టు కట్ట తెగి పులపుత్తూరు, మందపల్లి, తొగూరుపేట వంటి పల్లెలను వరద ముంచెత్తింది. ఆ రోజుల్లోనే తిరుపతి సమీపంలోని రాయలచెరువు కట్ట నుంచి నీరు కారడంతో దిగువ పల్లెలను ఖాళీ చేయించారు. కట్టకు ఎగువనున్న ఊరు నీరు నిండితే మునుగుతుంది, దిగువనున్న ఊరు కట్ట తెగితే మునుగుతుంది. కాబట్టి గ్రామ జ్ఞాపకాన్ని నమోదు చేసే పని ముంపు ప్రకటన వచ్చిన ఊళ్ళకే పరిమితం కారాదు.

3. చట్టం దృష్టిలో ఊరు

పాత భూసేకరణ చట్టం 1894 నాటిది. నాగార్జునసాగర్, శ్రీశైలం నిర్వాసితులకు వర్తించింది అదే. దాని దృష్టిలో ఊరంటే భూమి, ఇల్లు, బావి, చెట్టు. పట్టా ఉన్నవాడికి పరిహారం. పట్టా లేని కూలీ, చాకలి, మంగలి, నీరుగంటి ఊరితో పాటు తమ వృత్తినీ పోగొట్టుకున్నా ఆ లెక్కలోకి రారు. 1958 నాటి ప్రాచీన స్మారక చట్టం కనీసం నూరేళ్ళ వయసున్న కట్టడాలను పరిగణిస్తుంది. ఈ రెండు చట్టాల నడుమ ఉన్న ఖాళీలోనే మామూలు ఊరు మునిగిపోయింది.

2013 చట్టం ఈ ఖాళీని కొంత పూడ్చింది. జీవనోపాధి కోల్పోయే వారిని గుర్తించింది. సామాజిక ప్రభావ అంచనా జరగాలంది. ఆ అంచనాలో ఉమ్మడి ఆస్తులు, ప్రార్థనాస్థలాలు, శ్మశానాలు లెక్కకు రావాలంది. అయితే అదే చట్టంలోని ఆరో సెక్షను, పర్యావరణ ప్రభావ అంచనా అవసరమైన నీటిపారుదల ప్రాజెక్టులకు ఈ సామాజిక అంచనా వర్తించదని మినహాయించింది. ఊళ్ళను ఎక్కువగా ముంచేవి నీటిపారుదల ప్రాజెక్టులే. ఊరి సామాజిక జీవితాన్ని విచారించే నిబంధన వాటికే లేకుండా పోవడం యాదృచ్ఛికమని సరిపెట్టుకోలేం.

నీటిపక్షం నుంచే చూడటం మనకు కొత్తకాదు. కడప జిల్లా పోరుమామిళ్ళ చెరువు శాసనం 1369 నాటిది. మంచి చెరువుకు కావలసిన పన్నెండు సాధనాలను, రాకూడని ఆరు దోషాలను అది వివరిస్తుంది. నేల గట్టిదనం, నీటి రాక, ఆయకట్టు వైశాల్యం వంటి వాటిపై అందులో కనిపించే జ్ఞానం నేటి ఇంజనీరునూ ఆకట్టుకుంటుంది. ఆ విజ్ఞానాన్ని గౌరవిస్తూనే ఒక మాట అనుకోవాలి. చెరువును బట్టి నేలను అంచనా వేసే శాస్త్రం మనకు ఆరున్నర శతాబ్దాల కిందటే ఉంది. ఊరిని బట్టి చెరువును అంచనా వేసే శాస్త్రాన్ని మనం ఇంకా రాయలేదు.

4. కైఫీయతు: కరణం చెప్పిన ఊరు

ఊరిని సమగ్రంగా రాయాలన్న ప్రయత్నాలలో తెలుగులో కైఫీయతులది ప్రత్యేక స్థానం. కల్నల్ కాలిన్ మెకంజీ కోసం కావలి బొర్రయ్య, లక్ష్మయ్య సోదరులు, వారి సహాయకులు ఊరూరా తిరిగి స్థానిక చరిత్రలు సేకరించారు. తరువాత సి.పి. బ్రౌన్ వాటికి ప్రతులు రాయించాడు. కడప జిల్లా కైఫీయతులను అక్కడి బ్రౌన్ భాషా పరిశోధన కేంద్రం అచ్చువేసింది. ఊరికి ఆ పేరు ఎలా వచ్చింది, ఎవరు అడవి కొట్టి ఊరు కట్టారు, చెరువు ఎవరు తవ్వించారు, ఏ దేవుడికి ఏ మాన్యం ఉంది, శాసనాలు ఎక్కడున్నాయి వంటి వివరాలు వాటిలో ఉంటాయి. ముంపు పరిశోధకునికి ఇవి అమూల్యమైనవి. ఊరు లేకపోయినా ఊరి సరిహద్దులు, చెరువులు, గుళ్ళు కాగితం మీద మిగిలాయి.

అయితే కైఫీయతును మూలపాఠంగా నమ్మేముందు అది ఎవరి గొంతో అడగాలి. అది ప్రధానంగా కరణం చెప్పిన ఊరు. మాన్యాలు, సిస్తులు, వంశావళులు ఉన్నవారి ఊరు. మాలపల్లె, మాదిగపల్లెల చరిత్ర అందులో అరుదు. స్త్రీల పాట, కూలివాడి పొలం పేరు, పశువుల కాపరి గుర్తుపట్టే వంక మలుపు దాదాపు కనిపించవు. కైఫీయతు ఊరిని రెవెన్యూ భాషలో భద్రపరిచింది. రేపు మనం ముంపు గ్రామాన్ని నమోదు చేయబూనితే కైఫీయతు విస్తృతిని తీసుకోవాలి, దాని మౌనాన్ని తీసుకోకూడదు.

5. కథ: మాట్లాడే ఊరు

కైఫీయతు మౌనంగా వదిలిన చోటును చిత్తూరు ప్రాంతపు కథాసాహిత్యం కొంతవరకు పూరించింది. మధురాంతకం రాజారాం దామలచెరువు కేంద్రంగా ఉపాధ్యాయుడుగా బతుకుతూ ఈ ప్రాంతపు పల్లెజీవితాన్ని వందలాది కథల్లో చిత్రించాడు. నామిని సుబ్రహ్మణ్యం నాయుడు ‘పచ్చనాకు సాక్షిగా’, ‘మిట్టూరోడి కతలు’ వంటి రచనల్లో తిరుపతి పరిసర పల్లెల పలుకును మార్చకుండా కథనభాషను చేశాడు. ఈ రచనలు ముంపు గురించి రాసినవి కావు. అయినా ముంపు చర్చకు ఇవి అత్యవసరం. ఊరు నిలిచి ఉండగానే ఊరి మాటను పట్టుకోవడం ఎలాగో ఇవి చూపిస్తాయి.

కయ్య, గెనిమ, మొరవ, వంక, మిట్ట వంటి పదాలను పర్యాయపదాలతో మార్చి రాస్తే కథాంశం మారదు, ఊరు మారిపోతుంది. గెనిమ తెగిందని పక్క కయ్య రైతు కేకవేసినప్పుడు ఆ కేకలో నీటి వాటా, వంతు, వైరం, చుట్టరికం అన్నీ ఉంటాయి. ఆ నేల నీటి కిందికి వెళ్ళాక, మెట్టలో కట్టిన పునరావాస కాలనీలో పుట్టిన పిల్లవాడికి గెనిమ అన్న మాటతో పని ఉండదు. రెండు తరాల్లో ఆ పదం పోతుంది. ఒక పదం పోవడానికి భాషాశాస్త్రం చెప్పే కారణాలలో జలాశయాన్ని కూడా చేర్చాలి.

ఇక్కడ మన విమర్శ ధోరణిని కూడా ప్రశ్నించక తప్పదు. ముంపును వస్తువుగా తీసుకున్న రచనలను మనం ఎక్కువగా శోకకావ్యాలుగా చదువుతాం. ఊరిని తల్లిగా, జలాశయాన్ని మృత్యువుగా నిలిపి కన్నీటితో ముగిస్తాం. ఈ పఠనంలో రెండు లోపాలున్నాయి. మొదటిది, జ్ఞాపకంలో ఊరు ఏకమైపోతుంది. అంటరానితనం, వెట్టి, వాటా తగాదాలు ఆ వియోగంలో కరిగిపోతాయి. ఊరిచేత వెలి అయినవాడికి ఊరు మునగడం ఏ అర్థమిచ్చిందో మనం అడగం. రెండవది, శోకం మీద దృష్టి పెట్టిన విమర్శ సమాచారం మీద దృష్టి పెట్టదు. రచనలో ఉన్న స్థలనామాలు, పంటపేర్లు, పనిముట్లు, నీటి పద్ధతులు విమర్శకుడికి కేవలం నేపథ్యంగా మిగులుతాయి. నిజానికి ఊరు మునిగాక ఆ నేపథ్యమే ప్రధాన ఆధారం.

6. తాళ్ళపాక రేకుల పాఠం

పదం నిలిచి ప్రాణం పోవడమంటే ఏమిటో తిరుపతివారికి బాగా తెలిసిన ఉదాహరణ ఒకటి ఉంది. తాళ్ళపాక కవుల సంకీర్తనలు రాగిరేకుల మీద చెక్కబడి తిరుమల సంకీర్తన భాండారంలో శతాబ్దాలు భద్రంగా ఉన్నాయి. ఇరవయ్యో శతాబ్దంలో అవి వెలుగులోకి వచ్చి, పండితుల పరిష్కరణతో అచ్చయ్యాయి. ఆ రేకుల మీద సాహిత్యం ఉంది, రాగం పేరు ఉంది. అన్నమయ్య పాడిన బాణీ లేదు. ఈనాడు మనం వింటున్నవి ఆధునికులు కట్టిన వరుసలు. అవి మధురమైనవే. అయినా పోయినది పోయినదే.

తరలించిన ఆలయం కూడా ఇటువంటి రాగిరేకే. రాతి పాఠం మిగిలింది, రాగం పేరులాగా దేవుడి పేరు మిగిలింది. ఏ వేళకు ఎవరు ఏ దారిన వచ్చి ఏ మాట అని మొక్కేవారో ఆ బాణీ మిగలలేదు. తిరుపతి గంగమ్మ జాతరలో చాటింపు వేశాక ఊరివారు పొలిమేర దాటరాదన్న కట్టుబాటు ఉంది. పొలిమేర ఎక్కడో తెలిసిన జనం ఉన్నంతకాలమే ఆ కట్టుబాటుకు అర్థం. ముంపు గ్రామంలో మొదట మునిగేది పొలిమేరే.

ఇది మనకొక్కరికే ఎదురైన సమస్య కాదు. ఈజిప్టులో ఆస్వాన్ ఆనకట్ట ముంపు నుంచి అబూ సింబెల్ ఆలయాలను 1964, 1968 మధ్య యునెస్కో ఆధ్వర్యంలో పైకి తరలించారు. ప్రపంచం ఆ శిలలను చూసింది. నైలు గట్టును వదిలి కోం ఓంబో ప్రాంతానికి వెళ్ళిన నూబియన్ పల్లెలను అంతగా చూడలేదు. శిలలతో పాటు పాట, పలుకు, ఆచారం, పనితనం కూడా వారసత్వమేనని యునెస్కో 2003లో ప్రత్యేక ఒడంబడిక చేసింది. భారతదేశం 2005లో దానిని ఆమోదించింది. ఆ అంగీకారం మన జలాశయాల కాగితాల్లోకి ఇంకా దిగి రావలసి ఉంది.

7. తెలుగుశాఖలు చేయవలసిన పని

ఈ పనికి పద్ధతి లేదనడం కుదరదు. భద్రిరాజు కృష్ణమూర్తి సంపాదకత్వంలో ‘మాండలిక వృత్తిపదకోశం’ వ్యవసాయ సంపుటి 1962లో వెలువడింది. ఊళ్ళు తిరిగి, రైతుల నోట విని, ప్రాంతాలవారీగా పదాలను నమోదు చేసిన పని అది. అదే కాలంలో నాగార్జునసాగర్ ఆనకట్ట లేస్తోంది. ఒకే రాష్ట్రంలో ఒకవైపు లోయను తవ్వే శాస్త్రమూ, మరోవైపు రైతు మాటను రాసుకునే శాస్త్రమూ రెండూ సిద్ధంగా ఉన్నాయి. ఆ రెండింటినీ ఒకే ముంపు గ్రామంలో కలిపి ప్రయోగించాలన్న ఆలోచన మాత్రం రాలేదు.

ముంపు సూచన వచ్చిన ప్రతి గ్రామంలోనూ ఈ కింది అంశాలను నమోదు చేయాలి:

(అ) స్థలనామాలు: ప్రతి పొలం, వంక, గుట్ట, బావి, దారి పేరు. రెవెన్యూ సర్వే నంబరు పక్కన ఊరివారి పేరు.
(ఆ) నీటి జ్ఞానం: చెరువు, తూము, మొరవ, వంతుల పద్ధతి, నీరుగంటి విధులు, పాత వరదల గుర్తులు.
(ఇ) వృత్తిపదాలు: సేద్యం, నేత, కుండలు, పశుపోషణ, తోలుపని వంటివాటిలో వాడే మాటలు.
(ఈ) మౌఖిక సాహిత్యం: కోత పాటలు, జాతర పాటలు, సామెతలు, ఊరి పుట్టుక కథలు, ఒక్కోదానికి భిన్న కులాలవారు చెప్పే రూపాలు.
(ఉ) ఊరి విభజన పటం: ఎవరి ఇల్లు ఎక్కడ, ఎవరి బావి ఎవరికి నిషేధం, ఎవరి దారి ఏది.

చివరి అంశాన్ని వదిలేస్తే మనం కొత్త కైఫీయతు రాసినట్టవుతుంది. ధ్వనిముద్రణకు ఈనాడు చరవాణి చాలు. పొలాల పేర్లు తెలిసిన ముసలివారు ఇంకా ఉన్నారు. ఏటా ఒకే రచయితపై పునరుక్తిగా వస్తున్న సిద్ధాంత వ్యాసాల స్థానంలో ఒక్కో పరిశోధకుడు ఒక్కో గ్రామాన్ని ఇలా నమోదు చేస్తే, అది భాషకూ చరిత్రకూ ఉపయోగపడే పని అవుతుంది. ఊరివారికీ తమ వాదన వినిపించుకోవడానికి ఆధారమవుతుంది. సేకరించిన ప్రతిని విశ్వవిద్యాలయ గ్రంథాలయంతో పాటు ఆ ఊరివారికీ ఇవ్వాలి. ఊరిని రాసుకుని ఊరికే చెప్పకపోవడం మరొక రకం సేకరణే.

8. ముగింపు

తెలుగునాట ముంపు గ్రామాల పరిరక్షణ శిలకు ఇచ్చిన గౌరవాన్ని పలుకుకు ఇవ్వలేదు. అందువల్ల ఆలయాలు మిగిలాయి, వాటి పేర్ల వెనుకనున్న నేల మునిగింది. చట్టం ఊరిని ఆస్తిగా, కైఫీయతు ఆదాయ వివరంగా, మన విమర్శ శోకంగా చూసింది. మాండలిక కథ మాత్రమే ఊరిని ఊరిగా విన్నది. కానీ కథ రాయగల రచయిత ప్రతి ఊరికీ దొరకడు. ఆ లోటును తీర్చవలసింది క్షేత్రపరిశోధన.

నమోదు చేసినంత మాత్రాన ఊరు నిలవదు. ముంపు న్యాయమా కాదా అన్న ప్రశ్నకు రికార్డు జవాబు కాదు, ఆ ప్రశ్నను మాపడానికి దాన్ని వాడుకోనివ్వకూడదు. అయినా ఊరిలో ఏముందో ముందుగా రాసిపెట్టినప్పుడే ఏమి మునిగిపోతోందో ఎవరైనా అడగగలరు. కండలేరు నీరు తాగే నేల మీద తెలుగు చదివి, తెలుగు చెబుతున్న వాళ్ళం మనం. ఆ నీటి కిందనున్న ఊళ్ళ పొలాల పేర్లు పది కూడా మనకు తెలియవు. తరువాత ముంపు గ్రామం విషయంలో అలా జరగకుండా చూడటం మన చేతిలో ఉన్న పని.